నవ్వూ ఏడుపూ కలిపి యాభై సెకన్లు: ఫిల్మ్ సొసైటీల నిర్వాహకులకు, సినిమా చరిత్ర బోధించే అధ్యాపకులకు బహిరంగ లేఖ

మాన్యులకు నమస్కారం.

తెలుగు రాష్ట్రాల్లో “సినిమా పుట్టుక” పేరుతో జరిగే ప్రదర్శనలు, తరగతులు చాలావరకు ఒకే దారిలో నడుస్తాయి. పారిస్‌లో లూమియేర్ సోదరులు, ఆ పక్కనే మెలియెస్, అక్కడి నుంచి నేరుగా బొంబాయి, ఫాల్కే. సమయం మిగిలితే ఎడిసన్. ప్రాగ్ నగరం ఆ దారిలో తగలదు. 1898లోనే అక్కడ ఒక హాస్యనటుడు కెమెరా కోసమని సన్నివేశాలు అల్లి, తానే నటించారనీ, ఆ చిత్రాలు ఈనాటికీ చూడగలిగే స్థితిలో ఉన్నాయనీ మన ప్రేక్షకులకు చెప్పేవారు అరుదు. ఆయన పేరు యోసెఫ్ ష్వాబ్-మలోస్త్రాన్స్కీ. చెక్ సినిమాకు తొలి నటుడు.

మా కోరిక ఒక్కటే. ఆయన చిత్రాలను మీ కార్యక్రమాల్లో చేర్చండి. చేర్చినప్పుడు సరైన వేగంతో, పూర్తి ఫ్రేముతో, ఆయన పేరుతో చూపించండి. వీటిలో ఏది తప్పినా తెర మీద మిగిలేది ఆయన నటన కాదు. ఎందుకు కాదో, సరిగా చూపడానికి ఏమేం చేయాలో వివరంగా రాస్తున్నాం. కొంత లెక్కలూ కొలతలూ తప్పవు, ఓపిగ్గా చదవమని మనవి.

ముందు ఆయన గురించి. ష్వాబ్ 1860 మార్చి 16న ప్రాగ్‌లో పుట్టారు. వల్తావా నది ఎడమ గట్టున, కోట కింద ఉండే మలా స్త్రానా పేట నుంచి వచ్చిందే ఆయన పేరులోని రెండో సగం. అప్పటికి ప్రాగ్ ఆస్ట్రియా సామ్రాజ్యంలోని ఊరు. కాబరేల్లో, పాటలతో సాయంత్రాలు గడిచే వినోదశాలల్లో హాస్యగీతాలు పాడడం, చిన్న చిన్న వేషాలు కట్టడం ఆయన వృత్తి. పాటలు, హాస్య సన్నివేశాలు తానే రాసుకునేవారు. కెమెరా ముందుకు వచ్చేనాటికి 38 ఏళ్లవాడు, వేదిక మీద చేయి తిరిగినవాడు. ఈ సంగతి గుర్తుంచుకోవాలి. ఆ కాలపు చిత్రాల్లో చాలామంది దారిన పోతూ కెమెరాకు చిక్కినవాళ్లు. ఈయన అలా కాదు. ఎదుట ప్రేక్షకుడు లేకపోయినా ఉన్నట్టు భావించి, ముఖాన్ని పనిముట్టుగా వాడిన మనిషి.

ఆయన్ని కెమెరా ముందుకు తెచ్చింది యాన్ క్రిజెనెత్స్కీ (1868–1921). చదివింది వాస్తుశిల్పం, మోజు ఫొటోగ్రఫీ. యోసెఫ్ పోకోర్నీ అనే మిత్రుడితో కలిసి ఫ్రాన్స్‌లోని లూమియేర్ సంస్థ నుంచి సినిమటోగ్రాఫ్ యంత్రాన్ని, ఫిల్మును తెప్పించారు. 1898 వేసవిలో ప్రాగ్‌లోని ఎగ్జిబిషన్ మైదానంలో వాస్తుశిల్ప, ఇంజినీరింగ్ ప్రదర్శన జరిగింది. అందులో “చెక్ సినిమటోగ్రాఫ్” పేరుతో ఒక పెవిలియన్ పెట్టి, తాము తీసిన చిత్రాలు చూపారు. ఈతకొలను, వీధి సందడి, అగ్నిమాపక దళం, సోకోల్ వ్యాయామ సంఘం విన్యాసాలు, ఇలాంటి నిజజీవిత దృశ్యాలే వాటిలో ఎక్కువ. వాటి మధ్య అల్లిన కథలూ ఉన్నాయి. ష్వాబ్ చేసినవి అవే.

యంత్రం సంగతి కాస్త ఆగి చెప్పాలి. నటన ఎలా ఉండాలో చాలావరకు నిర్ణయించింది అదే.

లూమియేర్ పెట్టె ఒక్కటే మూడు పనులు చేస్తుంది: చిత్రం తీస్తుంది, నెగటివ్ నుంచి పాజిటివ్ అచ్చు తీస్తుంది, తెర మీద ఆడిస్తుంది. చేత్తో పిడి తిప్పాలి. ఒక చుట్టు తిప్పితే ఎనిమిది ఫ్రేములు జరుగుతాయి. సెకనుకు రెండు చుట్లు, అంటే సెకనుకు 16 ఫ్రేములు. లోపల రెండు కొక్కేలున్న పంజా ఒకటి ఫిల్మును కిందికి లాగుతుంది. ఒక్కో ఫ్రేముకు దక్కే సమయంలో మూడో వంతు ఫిల్ము కదలడానికి, మిగిలిన రెండు వంతులు నిలిచి ఉండడానికి. పట్టే ఫిల్ము సుమారు 17 మీటర్లు. 35 మిల్లీమీటర్ల ఫిల్ములో మీటరుకు 52 ఫ్రేములకు కాస్త పైన వస్తాయి కాబట్టి నిండు చుట్టకు దాదాపు 890 ఫ్రేములు. వాటిని 16తో భాగిస్తే 55 సెకన్లు దాటుతుంది. చెయ్యి కాస్త వడిగా తిరిగి 18 అయితే యాభైకి దిగుతుంది. కథ మొదలుపెట్టి ముగించడానికి నటుడి చేతిలో ఉన్నది అంతే. కోత లేదు, అతుకు లేదు, కెమెరా కదలదు.

ఇంకో ఇబ్బంది ఉంది. ఈ యంత్రానికి వ్యూఫైండర్ లేదు. ఫిల్ము ఎక్కించక ముందే గేటులోంచి, అంటే ఫ్రేము నిలిచే చిన్న కిటికీలోంచి చూసి దృశ్యం సరిచూసుకోవాలి. ఎక్కించాక తీసేవాడికి ఏమీ కనిపించదు. నటుడు హద్దు దాటి జరిగితే ఆపి చెప్పే వీలు లేదు, మళ్లీ తీయాలంటే మరో చుట్ట ఖర్చు. కాబట్టి ఎక్కడ నిలబడాలో, ఎంత వంగాలో ముందే కొలుచుకుని ఉండాలి. దూరం నుంచి మనిషి మొత్తాన్ని తీసేటప్పుడు అడుగు అటూ ఇటూ అయినా పర్వాలేదు. ముఖాన్ని దగ్గరగా తీసేటప్పుడు జానెడు జరిగినా సగం ముఖం పోతుంది.

వెలుతురూ సమస్యే. అప్పటి ఫిల్ముకు నీలి కాంతి మీదే మక్కువ, ఎరుపు దానికి దాదాపు కనిపించదు. ఎర్రని పెదవులు, బుగ్గలకు పూసిన రంగు తెర మీద నల్లగా దిగుతాయి. నీలి ఆకాశం తెల్లగా వెలిసిపోతుంది. ఫిల్ము నెమ్మది కూడా, ఎండే దీపం. కాబరే వేదిక మీద గ్యాసు వెలుగులో పనికొచ్చిన ముఖాలంకరణ ఇక్కడ ఎదురు తిరుగుతుంది. భావం పలకాల్సిన బాధ్యత కండరాల మీదే పడుతుంది.

ఇప్పుడు చిత్రాలు. చెక్ పేర్లను మన లిపిలో రాస్తే “దొస్తావెనీచ్కొ వె మ్లీనిత్సి”, “వీస్తవ్నీ పార్కర్జ్ అ లెపిచ్ ప్లకాతూ”, “స్మీఖ్ అ ప్లాచ్”. మొదటిది పిండిమరలో చాటుగా కలుసుకోవాలనుకున్న ప్రేమ వ్యవహారం బెడిసికొట్టే చిన్న ప్రహసనం. రెండోది ఎగ్జిబిషన్‌లో సాసేజిలు అమ్మేవాడికీ పోస్టర్లు అంటించేవాడికీ మధ్య జరిగే రభస. ఈ రెండింటిలో ఫెర్డినాండ్ గీరా అనే నటుడూ కనిపిస్తారు. రెండూ బాగుంటాయి. మనుషులు పడడం, లేవడం, తోసుకోవడం అప్పటి హాస్య చిత్రాలన్నిటిలో ఉన్నట్టే ఉంటుంది. రెండోదాంట్లో ముచ్చటైన సంగతి, ఎగ్జిబిషన్‌కు వచ్చినవాళ్లకు ఎగ్జిబిషన్ మీదే అల్లిన కథను చూపడం. బయట సాసేజి కొనుక్కు తిన్నవాడు లోపలికొచ్చి తెర మీద సాసేజిలవాణ్ని చూస్తాడు.

మూడోది వేరు. “నవ్వు, ఏడుపు” అనే ఈ చిత్రంలో ష్వాబ్ ముఖం తప్ప కథ లేదు. దగ్గరగా తీసిన మనిషి నవ్వుతాడు, ఆ నవ్వు ఏడుపుగా మారుతుంది. అంతే. వేదిక మీద పది అడుగుల దూరాన ఉండే నటుడి ముఖం ప్రేక్షకుడి ఎదుట మనిషంత పెద్దదై కనిపించిన రోజులవి. ముఖకవళికల చిత్రాలు ఇంగ్లండ్‌లోనూ అమెరికాలోనూ అప్పటికే వచ్చాయి, కాబట్టి ప్రపంచంలో తొలి క్లోజప్ ఇదేనని మీ కరపత్రాల్లో దయచేసి వేయకండి. ఎడిసన్ వాళ్లు తీసిన తుమ్ము 1894 నాటిది. ష్వాబ్ గొప్పతనానికి అలాంటి బిరుదు అవసరం లేదు. “చెక్ సినిమాకు తొలి నటుడు” అన్న మాట నిజం, అది చాలు.

కూచిపూడి నేర్పే గురువులు హాస్యం నుంచి కరుణానికి మారేటప్పుడు కళ్లు ముందా, పెదవులు ముందా అని శిష్యుల్ని ఎలా గమనించమంటారో, ఈ చిత్రాన్నీ అలాగే గమనించాలి. నవ్వులో ముడుచుకున్న కంటి కండరమే ఏడుపులోనూ ముడుచుకుంటుంది. తేడా నోటి కొసల్లో, కనుబొమల లోపలి అంచుల్లో, మెడ వాలులో ఉంటుంది. ష్వాబ్ ముఖంలో ఏది ముందు మారుతుందో, ఏది వెనకబడుతుందో ఫ్రేము ఫ్రేముగా చూపిస్తే నటన నేర్చుకునే విద్యార్థులకు ఒక గంట పాఠం దొరుకుతుంది. నాట్య విభాగాలున్న విశ్వవిద్యాలయాలు సినిమా విభాగంతో కలిసి ఈ తరగతి నడపవచ్చు. అలా నడపమనే మా విన్నపం.

ఇక వేగం. జరిగే తప్పుల్లో పెద్దది ఇదే.

సెకనుకు 16 ఫ్రేములతో తీసినదాన్ని 24తో ఆడిస్తే 55 సెకన్ల చిత్రం 37 సెకన్లలో అయిపోతుంది. 25 అయితే 36కు కాస్త లోపు, 30 అయితే 30 సెకన్లే. మనుషులు బొమ్మల్లా గంతులేస్తారు, ప్రేక్షకులు నవ్వుతారు, “పాత సినిమా అంటే ఇంతేగా” అనుకుంటారు. “నవ్వు, ఏడుపు” విషయంలో నష్టం మరీ ఎక్కువ. నవ్వు నుంచి ఏడుపుకు మారే మధ్య భాగంలోనే నటన అంతా ఉంది. ఆ మార్పుకు ఆయన మూడు సెకన్లు తీసుకున్న చోట మనకు రెండే మిగులుతాయి. తెర మీద ఒక మనిషి కాసేపు వెక్కిరించినట్టు కనిపిస్తుంది, బాధ కనిపించదు.

మీ దగ్గరున్న ఫైలు ఏ వేగంలో ఉందో ముందు తేల్చుకోవాలి. వీఎల్‌సీ అనే వీడియో ప్లేయర్‌లో ఆపి, కీబోర్డు మీద ‘ఇ’ అక్షరం నొక్కితే ఒక్కో ఫ్రేమూ జరుగుతుంది. ఇరవై నాలుగు సార్లు నొక్కి చూడండి. నొక్కిన ప్రతిసారీ బొమ్మ మారితే అసలు ఫ్రేములు ఒకదాని వెంట ఒకటి అలాగే పేర్చారన్నమాట, దాన్ని నెమ్మదింపజేయాలి. రెండు మూడు నొక్కులకు ఒకసారి బొమ్మ కదలకుండా నిలిస్తే, ఫ్రేములు రెట్టించి వేగం ముందే సరిచేశారన్నమాట; దాన్ని ముట్టుకోకూడదు. ఈ పరీక్ష చేయకుండా మళ్లీ నెమ్మదింపజేస్తే మనుషులు నీళ్లలో నడిచినట్టు ఉంటుంది. ఇదీ తరచుగా జరిగే పొరపాటే.

నెమ్మదింపజేయాల్సిన ఫైలు 24లో ఉంటే వేగాన్ని 66.7 శాతానికి, 25లో ఉంటే 64కి, 30లో ఉంటే 53.3కి తగ్గించాలి. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో ఆప్టికల్ ఫ్లో, ఫ్రేమ్ బ్లెండింగ్ రెండూ ఆపేయండి. అవి రెండు ఫ్రేముల మధ్య లేని ఫ్రేమును ఊహించి పుట్టిస్తాయి. ముఖం మీద ఇది ఘోరం: పెదవి అంచు కరిగినట్టు, పళ్లు మసక కట్టినట్టు అవుతుంది. ఉన్న ఫ్రేమునే మరోసారి చూపే పద్ధతి ఎంచుకోండి.

తర్వాత ప్రొజెక్టర్. 60 హెర్ట్జ్ ప్రొజెక్టర్‌లో, అంటే సెకనుకు 60 సార్లు బొమ్మ వెలిగించేదానిలో, 16 ఇమడదు. ఒక ఫ్రేము నాలుగుసార్లు, మరో ఫ్రేము మూడుసార్లు వెలిగి, కదలిక కుంటుతుంది. 48 హెర్ట్జ్ ఇవ్వగల ప్రొజెక్టర్ అయితే ఒక్కో ఫ్రేము సరిగ్గా మూడుసార్లు వెలుగుతుంది, ఇదే ఉత్తమం. అది వీలుకాకపోతే 60 దగ్గరే ఉంచి, చిత్రాన్ని 15 ఫ్రేముల వేగంతో తయారు చేయండి. ఒక్కోటి నాలుగుసార్లు వెలుగుతుంది, కదలిక నునుపుగా ఉంటుంది. వేగం ఆరు శాతం తగ్గుతుంది నిజమే. చేత్తో పిడి తిప్పిన చిత్రానికి ఆ మాత్రం తేడా సహజమే, కుంటే కదలిక మాత్రం అసహజం అని మా అభిప్రాయం. థియేటర్‌లో డీసీపీతో (డిజిటల్ థియేటర్లలో ఆడించే ఫైళ్ల మూట) వేస్తుంటే, ప్రమాణాల్లో 16, 18, 20 వేగాలకు చోటున్నా సర్వర్లన్నీ వాటిని ఆడించవు. ముందురోజే వెళ్లి వేసి చూడండి, లేదా ఫ్రేములు రెట్టించిన 24 డీసీపీ కూడా వెంట ఉంచుకోండి.

ప్రొజెక్టర్ బదులు పెద్ద టీవీ వాడే తరగతి గదుల్లో ఒక దొంగ ఉంటాడు. ట్రూమోషన్, మోషన్‌ఫ్లో, ఆటో మోషన్ ప్లస్ అని కంపెనీకో పేరు. ఎంత జాగ్రత్తగా తయారు చేసిన ఫైలునైనా ఇది టీవీ లోపలే సాగదీసి, సీరియల్‌లా మార్చేస్తుంది. మెనూలోకి వెళ్లి ఆపాలి. హెచ్‌డీఎంఐ ఒకటికి ఆపితే రెండుకు ఆగదు. మీరు వాడే ఇన్‌పుట్‌లోనే ఆపారో లేదో చూసుకోండి.

ఫ్రేము విషయం సులువు, అయినా ఎక్కువచోట్ల తప్పుతోంది. ఈ చిత్రాల ఆకారం దాదాపు 4:3. వెడల్పు తెర నింపాలని 16:9కి కోస్తే ఎత్తులో నాలుగో వంతు పోతుంది. దగ్గరగా తీసిన ముఖంలో నాలుగో వంతు అంటే పైన నుదురు, కింద గడ్డం. సాగదీస్తే ముఖం అప్పడంలా వెడల్పవుతుంది. 1920×1080 తెరలో చిత్రానికి 1440×1080 ఇచ్చి, రెండు పక్కలా 240 పిక్సెళ్ల చొప్పున నలుపు వదలండి. తెర ఎత్తు మూడు మీటర్లయితే చిత్రం వెడల్పు నాలుగు మీటర్లు, అంతే. అంచులు గుండ్రంగా, కాస్త వంకరగా కనిపిస్తే అవి గేటు అంచులు, వాటినీ ఉండనివ్వండి.

రంగులద్దిన కాపీలు, కృత్రిమ మేధతో “4కే” చేశామనే కాపీలు ఇంటర్నెట్‌లో సులువుగా దొరుకుతాయి. వాటిని తరగతిలో వేయవద్దని గట్టిగా కోరుతున్నాం. ఆ ప్రోగ్రాములు ఫిల్ము గరుకును మచ్చగా భావించి తుడిచేస్తాయి. ఆ గరుకులోనే కంటి కొస ముడతలు ఉన్నాయి. తుడిచాక, లక్షలాది వేరే ముఖాల నుంచి నేర్చుకున్న చర్మాన్ని ఈ ముఖానికి అతికిస్తాయి. 1898లో ఒక నటుడు చేసిన పనిని చూపిస్తున్నామని చెప్పి యంత్రం ఊహను చూపడం విద్యార్థులకు అన్యాయం.

వణుకు మాన్పించే ‘స్టెబిలైజేషన్’ కూడా జాగ్రత్తగా వాడాలి. ఈ చిత్రాల్లో వణుకు రెండు రకాలు. ఒకటి తీసేటప్పుడే చెయ్యి తిప్పడం వల్ల, పంజా పట్టు సరిగా కుదరక వచ్చినది. మరొకటి వందేళ్లలో ఫిల్ము కుంచించుకుపోవడం వల్ల వచ్చినది. రెండోదాన్ని తగ్గించవచ్చు. మొదటిది చరిత్ర. రెండూ కలిపి మాయం చేస్తే ముఖం గాజుపెట్టెలో పెట్టినట్టు బిగుసుకుంటుంది, వెనకున్న గోడ మాత్రం ఊగుతుంది.

ఫిల్ము గురించి అధ్యాపకులు విద్యార్థులకు తప్పక చెప్పాల్సిన మాట ఒకటుంది. లూమియేర్ ఫిల్ముకు ఒక్కో ఫ్రేముకు రెండు పక్కలా ఒక్కో గుండ్రటి రంధ్రం మాత్రమే. తర్వాత ప్రపంచమంతా స్థిరపడిన ఎడిసన్ పద్ధతిలో ఫ్రేముకు పక్కకు నాలుగు చొప్పున పలకల రంధ్రాలు. అందుకే 1898 నాటి అసలు ఫిల్మును మామూలు ప్రొజెక్టర్ పళ్ల చక్రానికి ఎక్కిస్తే చిరిగిపోతుంది. పైగా అది నైట్రేటు, ఇట్టే అంటుకునే పాతకాలపు ఫిల్ము. కాలడానికి కావాల్సిన ఆక్సిజన్ దానిలోనే ఉంటుంది కాబట్టి నీళ్లలో ముంచినా ఆరదు. పాతబడేకొద్దీ ముందు పసుపు రంగుకు తిరుగుతుంది, బొమ్మ వెలిసిపోతుంది, తర్వాత జిగురు పట్టి చుట్టలు అతుక్కుంటాయి, బుడగలు లేస్తాయి, చివరికి గోధుమరంగు పొడి అవుతుంది. ఆ దశలో వదిలే వాయువులు పక్కనున్న మంచి రీళ్లనూ తినేస్తాయి. పాడైన నైట్రేటు 40 డిగ్రీలు దాటిన వేడిలో రోజుల తరబడి ఉంటే తనంతట తానే అంటుకోగలదు. మన వేసవిలో ఇది ఊహ కాదు. ఎక్కడైనా పాత థియేటర్ గదిలో పులిసిన వాసన కొట్టే రీళ్లు కనబడితే తెరిచి ఆడించే ప్రయత్నం చేయకండి, చల్లని, గాలి ఆడే చోట ఉంచి ఆర్కైవ్‌కు కబురు చేయండి. 2003 జనవరిలో పుణెలో నైట్రేటు రీళ్లు కాలిపోయిన సంగతి మీకు తెలిసినదే.

ప్రాగ్‌లోని జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ (1943లో ఏర్పడింది) క్రిజెనెత్స్కీ చిత్రాలను డిజిటల్ చేసి, 2019లో డిస్కుగా వెలువరించింది. పళ్ల చక్రాలు లేని, రోలర్ల మీద ఫిల్మును నడిపే స్కానర్లు వచ్చాకే ఇలాంటి గుండ్రటి రంధ్రాల, కుంచించుకుపోయిన ఫిల్మును చిరగకుండా స్కాన్ చేయడం సులువైంది. మీ ప్రదర్శనకు అక్కడి కాపీనే వాడండి. తీసినవారూ నటించినవారూ పోయి ఏళ్లు గడిచాయి, కాపీరైటు లేదు కదా అని ఎక్కడిదో దింపుకోవద్దు. ఆర్కైవ్ ఇచ్చే ఫైలుకు దాని షరతులు దానికుంటాయి. ఉత్తరం రాసేటప్పుడు తేదీ, హాలు సీట్లు, టికెట్టు ఉందా లేదా, కావాల్సిన ఫైలు రకం, ప్రదర్శన వేగం, ఇవన్నీ మొదటి ఉత్తరంలోనే రాస్తే పని త్వరగా తెములుతుంది. రెండు నెలల ముందు మొదలుపెట్టండి.

శబ్దం గురించి క్లుప్తంగా: నవ్వుల, ఏడుపుల చప్పుళ్లు కలపవద్దు. పియానో గానీ వయొలిన్ గానీ ఒక్కటి, తక్కువ ధ్వనిలో, ఎదుట కూర్చుని వాయించేవారు దొరికితే మంచిది. దొరక్కపోతే నిశ్శబ్దంగా వేయండి. వాయించేవారికి ఒక హెచ్చరిక: ముఖం మారకముందే రాగం మార్చకూడదు. ముందే విషాద రాగం అందుకుంటే రాబోయే ఏడుపు ప్రేక్షకుడికి చెప్పేసినట్టవుతుంది.

మూడు చిత్రాలూ కలిపినా మూడు నిమిషాలు దాటవు. అందుకని వీటిని ఓ పెద్ద సినిమాకు ముందు గబగబా వేసి, ఆలస్యంగా వచ్చేవాళ్లు కుర్చీలు వెతుక్కునే సమయం కింద వాడేస్తుంటారు. అలా చేయవద్దు. తలుపులు మూశాక మొదలుపెట్టండి. పరిచయం ఐదారు నిమిషాలు చాలు. మూడూ వరుసగా ఒకసారి, ఏ వ్యాఖ్యానమూ లేకుండా. తర్వాత “నవ్వు, ఏడుపు” ఒక్కటే మళ్లీ; ఈసారి మార్పు మొదలయ్యే చోట ఆపి, ఒక్కో ఫ్రేమూ జరుపుతూ. చివరగా మూడోసారి, పూర్తి వేగంతో, ఆపకుండా. నటన చదివే పిల్లలుంటే రెండోసారికీ మూడోసారికీ మధ్య కాగితం మీద ఒక్క ప్రశ్నకు జవాబు రాయించండి: ఏ కండరం ముందు మారింది?

కరపత్రంలో పేర్లు వేసేటప్పుడు క్రిజెనెత్స్కీ పేరు ఒక్కటే వేసే అలవాటు ఉంది. కెమెరా ఆయనదే, సందేహం లేదు. కానీ సన్నివేశాలు అల్లి నటించినది ష్వాబ్. రెండు పేర్లూ ఒకే సైజు అక్షరాల్లో ఉండాలి. తెలుగులో రాసిన పేరు పక్కన చెక్ అక్షరాలతో ఉన్న పేరు కూడా ఉంచితే ఆసక్తి కలిగినవాళ్లు ఇంటికి వెళ్లి వెతుక్కోగలుగుతారు. లేకపోతే ఆయన మళ్లీ దొరకరు.

1898 తర్వాత ఆయన జీవితం గురించి విద్యార్థులు తప్పక అడుగుతారు. ఎగ్జిబిషన్ ముగిసింది, పెవిలియన్ పోయింది. ఊళ్లో స్థిరమైన సినిమా హాలు లేదు. విక్తర్ పొన్రెపో అనే ఇంద్రజాలికుడు ప్రాగ్‌లో తొలి శాశ్వత హాలు తెరిచింది 1907లో. హాలే లేనప్పుడు సినిమా నటుడనే వృత్తి ఎక్కడిది? ష్వాబ్ పాటలకూ కాబరేకూ తిరిగి వెళ్లారు. 1910ల మొదట్లో చెక్ సంస్థలు కథాచిత్రాలు తీయడం మొదలుపెట్టాక యాభై దాటిన వయసులో మళ్లీ కెమెరా ముందుకు వచ్చారు. మనిషి పంచేంద్రియాలను అభినయించి చూపే ఓ చిన్న హాస్యచిత్రం ఆ కాలానిదే. అంటే “నవ్వు, ఏడుపు”లో చేసిన పనినే పదిహేనేళ్ల తర్వాత పెంచి చేశారు. ఆ తర్వాత మూకీ చిత్రాల్లో వేషాలు వేస్తూ వచ్చారు. 1930లో చెక్ తెర మాట్లాడడం మొదలుపెట్టింది. ఆయన 1932 అక్టోబర్ 30న ప్రాగ్‌లో కన్నుమూశారు. ఇంత సుదీర్ఘమైన వృత్తిలో ఆయన పేరు నిలబెట్టింది తొలి మూడు నిమిషాలే కావడం విచారకరమే, కానీ ఆ మూడు నిమిషాలైనా మిగిలాయి.

మనవైపు చూస్తే ఆ మాత్రం కూడా లేదు. లూమియేర్ చిత్రాలు బొంబాయి వాట్సన్ హోటల్లో తొలిసారి వేసింది 1896 జులై 7న. చెక్ నేల మీద కార్లోవీ వారీ పట్టణంలో తొలిసారి వేసిందీ ఆ నెలలోనే. రెండు దేశాలూ ఒకే మెట్టు మీద మొదలయ్యాయి. 1898లోనే కలకత్తాలో హీరాలాల్ సేన్ సినిమా పని ప్రారంభించారు. ఆయన చిత్రాలు 1917లో అగ్నికి ఆహుతయ్యాయి. రఘుపతి వెంకయ్య, ప్రకాశ్‌ల 1921 నాటి “భీష్మ ప్రతిజ్ఞ” కాపీ ఒక్కటీ మిగల్లేదు. మన తొలి నటుల ముఖం ఎలా కదిలిందో మనం ఎప్పటికీ చూడలేం. ఆ తరం నటుడు కెమెరా ముందు ఏ పరిమితుల్లో పనిచేశాడో, ఎంత ఫిల్ము మీద, ఏ వెలుతురులో, ఏ హద్దుల్లో కదిలాడో చూపడానికి ష్వాబ్ చిత్రాల కంటే స్పష్టమైన పాఠం మాకు కనబడలేదు. అదే తరహా చేతి యంత్రం, అదే నైట్రేటు, అదే ఎండ.

వచ్చే సంవత్సరపు కార్యక్రమాల్లో ఈ చిత్రాలను చేర్చాలనుకునేవారికి పరిచయపత్రం, తెలుగు టైటిల్ కార్డులు, 15, 16 ఫ్రేముల వేగాల్లో పరీక్షకు పనికొచ్చే గీతల ఫైలు సిద్ధం చేసి ఇస్తాం. రుసుము లేదు. మాకు కావాల్సిన వివరాలు: మీ ప్రొజెక్టర్ లేదా టీవీ మోడల్, అది ఇవ్వగల హెర్ట్జ్, తెర ఎత్తు, హాలును పూర్తిగా చీకటి చేయగలరా లేదా. పగటిపూట తరగతులైతే కిటికీలకు నల్లగుడ్డ కట్టే ఏర్పాటు కూడా ముందే చూసుకోమని మనవి.

ఇట్లు,
తొలినాటి మూకీ చిత్రాలను ప్రదర్శనకు సిద్ధం చేసే మిత్రులం